రాయకుండా వదిలేసింది చదివి పట్టుకోవడం ఎలా?

ముందు ఈ పేరా చదవండి. ఒకసారి చాలు. చదివాక వెంటనే కిందికి దిగిపోకుండా, ఇక్కడ ఏం జరిగిందో మీలో మీరు ఒక్క వాక్యంలో చెప్పుకోండి.

"బస్సు దిగేసరికి పొద్దుగూకింది. రమణ సంచి భుజాన వేసుకుని సందు మలుపు తిరిగాడు. ఇంటి ముందు ప్లాస్టిక్ కుర్చీలు ఒకదానిలో ఒకటి పేర్చి ఉన్నాయి. వాకిలి కడిగి ఉంది, ముగ్గు లేదు. అరుగు మీద కూర్చున్న పక్కింటి పెద్దాయన ఇతన్ని చూసి లేచాడు గానీ పలకరించలేదు. ఎదురింటావిడ క్యారేజీ పట్టుకుని లోపలికి వెళ్తోంది. ‘ఫోను ఎందుకు ఎత్తలేదురా’ అన్నాడు అన్నయ్య. గొంతు బొంగురుగా ఉంది. గోడకి చేరేసిన చేతికర్ర వైపు చూస్తూ రమణ చెప్పులు విప్పకుండా అలాగే నిలబడిపోయాడు."

మన ఊళ్లలో పెరిగినవాళ్లెవరైనా "ఇంట్లో పెద్దవాళ్లెవరో పోయారు" అనేస్తారు. ఇప్పుడు వెనక్కి వెళ్లి వెతకండి. చావు అన్న మాట ఎక్కడా లేదు, ఏడుపు లేదు, పోయారని ఎవరూ అనలేదు. మరి మీకెవరు చెప్పారు? మీరే తేల్చుకున్నారు, అదీ చదివే వేగం ఏమాత్రం తగ్గకుండా.

చదివి అర్థం చేసుకోవడంలో సగం పని ఇదే. రాసేవాళ్లు అన్నీ రాయరు, రాస్తే ఎవరూ చదవలేరు కూడా. ఖాళీలు వదిలి, వాటిని మనం పూరించుకుంటామన్న నమ్మకంతో ముందుకు పోతారు. ఈ పూరించుకోవడాన్నే ఇన్ఫరెన్స్ అంటారు, ఇక్కడ మనం ‘తేల్చుకోవడం’ అనుకుందాం. దీంట్లో రెండు రకాల ఇబ్బందులు ఉన్నాయి. కొందరు ఖాళీని గమనించకుండా దాటేస్తారు, అన్ని మాటలూ తెలిసినవే గానీ మొత్తంగా ఏమీ అర్థం కాలేదంటారు. ఇంకొందరు ఖాళీలో తమ సొంత కథ నింపేసి అది రచయితే రాశాడని ఒట్టేసి చెప్తారు. రెండోవాళ్లే ఎక్కువ ప్రమాదం అని నా అభిప్రాయం, ఎందుకంటే తమకి అర్థం కాలేదన్న సంగతే వాళ్లకి తెలియదు. పదో తరగతి పిల్లలకైనా, గ్రూప్స్‌కి చదువుకుంటున్నవాళ్లకైనా, ఊరికే పేపర్ చదివేవాళ్లకైనా పద్ధతి ఒకటే. వరసగా చెప్తాను.

మొదటి అడుగు: ఎవరు, ఎవరిని, ఎవరికి

ఇది చిన్నపిల్లల పనిలా కనిపిస్తుంది గానీ తెలుగులో ఇదే ముందు జారేది. మనం వాక్యంలో కర్తని ధారాళంగా వదిలేస్తాం. "తిన్నావా?" "తిన్నా." ఇద్దరి మాటల్లో ఎవరు తిన్నారో ఎక్కడా లేదు, క్రియ చివర ఉన్న ముక్కే మొత్తం మోస్తోంది. అది చాలాసార్లు సరిపోతుంది, కొన్నిసార్లు సరిపోదు. "వచ్చింది" అంటే మనిషి వచ్చిందో ఉత్తరం వచ్చిందో, "వచ్చారు" అంటే నలుగురు వచ్చారో గౌరవించాల్సిన ఒక్కరే వచ్చారో క్రియ చెప్పదు, ముందు వాక్యాలు చూసి మీరే తేల్చుకోవాలి.

ఈ రెండు వాక్యాలు చూడండి: "సీత అత్తగారికి ఫోన్ చేసింది. ఒంట్లో బాగాలేదట." ఫోన్ చేసింది సీతేనా? ‘సీత అత్తగారు’ అన్నది ఒకే మనిషి కూడా కావచ్చు కదా, అంటే ఇంకెవరో ఆడమనిషి సీత వాళ్ల అత్తగారికి ఫోన్ చేసి ఉండొచ్చు. ఇక ఒంట్లో బాగాలేనిది ఎవరికి? చివరనున్న ‘ట’ వల్ల ఇది ఎవరో చెప్పగా తెలిసిన మాట అని మాత్రం ఖాయం, కాబట్టి ఫోన్లో అత్తగారు తన సంగతి చెప్పుకున్నారని మొగ్గుతాం. అయినా అది మొగ్గే. దీని ముందు పేరాలో సీత రెండు రోజులుగా ఆఫీసుకి రావట్లేదని ఉంటే లెక్క తిరగబడుతుంది.

చేయాల్సింది: చిక్కుగా ఉన్న పేరాలో ప్రతి క్రియ కింద గీత గీసి, పక్కన పెన్సిల్‌తో ఆ పని చేసిందెవరో పేరు రాయండి. "ఇతను, ఆవిడ, వాళ్లు, అది, అక్కడ" లాంటివి కనిపిస్తే బాణం గీసి ఎక్కడికి పోతుందో చూపించండి. బాణం రెండు చోట్లకి పోతుంటే అక్కడే ఆగాలి. (ఆస్తి దస్తావేజుల్లో "సదరు విక్రేత, సదరు ఆస్తి" అని ప్రాణం తీసేది ఇందుకే, చదివేవాడు ఏదీ సొంతంగా తేల్చుకోకూడదని వాళ్ల పట్టుదల. చదవడానికి నరకమే గానీ కోర్టులో పనికొస్తుంది.)

రెండో అడుగు: రెండు వాక్యాల మధ్య ఏం పడిపోయింది

"పెళ్లివారు దిగారు. కాఫీలు చల్లారిపోయాయి." ఈ రెంటికీ మాటల్లో ఏ చుట్టరికమూ లేదు. కానీ మీరు చదివినప్పుడు మధ్యలో మూడు సంగతులు పెట్టుకున్నారు: కాఫీలు వాళ్ల కోసమే పెట్టారు, ముందే పెట్టి ఉంచారు, వాళ్లు ఆలస్యంగా వచ్చారు. ఇది పుణ్యానికి జరగదు, దీనికి టైము పడుతుంది. 1974లో హావిలాండ్, క్లార్క్ అని ఇద్దరు పరిశోధకులు దీన్నే కొలిచి చూపించారు. "డిక్కీలోంచి బీరు తీశాం. బీరు వేడిగా ఉంది" అన్న జతలో రెండో వాక్యం జనం చకచకా చదివేశారు. "పిక్నిక్ సామాను చూసుకున్నాం. బీరు వేడిగా ఉంది" అన్నప్పుడు అదే రెండో వాక్యానికి ఎక్కువ సమయం పట్టింది. సామానులో బీరు ఉందని ఎవరూ చెప్పలేదు కాబట్టి ఆ వంతెన చదివేవాళ్లే కట్టుకోవాల్సి వచ్చింది.

కాబట్టి చదువుతుంటే ఎక్కడైనా కొంచెం తడబడ్డట్టు అనిపిస్తే, అది మీ తెలివి తక్కువై కాదు, అక్కడ వంతెన లేదు. వెనక్కి ఒక్క వాక్యం వెళ్లి, రెంటి మధ్యా "అందుకని", "అయినా సరే", "ఆ తర్వాత", "ఎలాగంటే" వీటిలో ఏది పెడితే అతుకుతుందో పెట్టి చూడండి. నేను అయితే పైకి చదువుతాను, చెవికి అతకనిది వెంటనే తెలిసిపోతుంది. "వర్షం పడింది. మ్యాచ్ జరిగింది." ఇక్కడ ‘అందుకని’ పెడితే నవ్వొస్తుంది, ‘అయినా సరే’ పెడితే కూర్చుంటుంది. పాఠ్యపుస్తకాల్లో, ముఖ్యంగా సైన్సు, చరిత్ర పాఠాల్లో, ఇలాంటి మాటలు కోసేసి వాక్యాలు పొట్టివి చేస్తే సులువవుతుందని అనుకుంటారు. నిజానికి పిల్లల మీద బరువు పెరుగుతుంది, ఎందుకంటే ఆ ‘అందుకని’ వాళ్లే వెతుక్కోవాలి.

మూడో అడుగు: చిన్న ముక్కల్ని వదలకండి

తెలుగులో పెద్ద పెద్ద సంగతులు చిన్న ముక్కల్లో దాక్కుంటాయి. ఈ అడుగు దగ్గర నింపాదిగా ఉండండి, మిగతా అన్నిటికంటే త్వరగా ఫలితం కనిపించేది ఇక్కడే.

"ఈసారి బావ కూడా వచ్చాడు." ఆ ‘కూడా’ తీసేసి చదవండి, ఆయన రాక ఒక వార్త, అంతే. ‘కూడా’ పెట్టగానే వేరేవాళ్లు వచ్చారని తెలుస్తుంది, ‘ఈసారి’తో కలిస్తే ఆయన మామూలుగా రాడనీ తెలుస్తుంది. "జీతం మాత్రం టైముకి ఇస్తారు" అని ఎవరైనా తన ఆఫీసు గురించి చెప్తే, ఆ ఆఫీసులో మిగతావన్నీ ఎలా ఉంటాయో ఇంక అడగక్కర్లేదు. "అతనే చేశాడు" అంటే వేరేవాళ్లు చేశారని ఎవరో అనుకుంటున్నారు. "అతను చేశాడట" అంటే చెప్పేవాడు చూడలేదు, పూచీ పడటం లేదు. "వచ్చాడులే" అన్నప్పుడు వినేవాడు అంతకుముందు కంగారు పడుతూ ఉండి ఉండాలి, లేదా చెప్పేవాడికి ఆ వచ్చినవాడంటే విసుగైనా ఉండాలి, ఏదో ముందు వాక్యాలు చెప్తాయి.

మనం, మేము సంగతి మీకు తెలిసిందే కానీ చదివేటప్పుడు వాడుకోం. కథలో ఒకావిడ తన చెల్లెలితో "మేం రేపు తిరుపతి వెళ్తున్నాం" అంటే చెల్లెల్ని పిలవలేదు. "మనం రేపు" అంటే చెల్లెలు టికెట్ తీసుకోవాల్సిందే. ఇంగ్లీషులో రెంటికీ ఒకటే మాట కాబట్టి అక్కడ చదివేవాళ్లు చుట్టుపక్కల వెతుక్కోవాలి, మనకి ఇది ఉచితంగా దొరుకుతుంది.

పిలుపులూ అంతే. ఇరవై పేజీలుగా "ఒరేయ్, నువ్వు" అనుకుంటున్న ఇద్దరు స్నేహితుల్లో ఒకడు ఉన్నట్టుండి "మీరు చెప్పండి" అన్నాడంటే ఏదో తెగింది. పెళ్లయిన కొత్తలో "ఏవండీ" అనే పాత్ర పోను పోను పేరు పెట్టి పిలుస్తుంటే అదీ ఒక కబురే. రచయిత "వాళ్ల మధ్య దూరం పెరిగింది" అని ఒక్క ముక్క రాయక్కర్లేదు. సంభాషణల్లో ‘గారు’ ఎక్కడ వచ్చింది, ఎక్కడ పోయింది అన్నది గుర్తుపెట్టుకుంటూ పోండి, సగం కథ అక్కడే ఉంటుంది.

నాలుగో అడుగు: ఇది నాకెందుకు చెప్తున్నట్టు?

చదువుతుంటే ఒక వివరం అనవసరంగా కనిపించిందా, దాన్ని పట్టుకోండి. టు-లెట్ ప్రకటనలో "నీళ్ల సమస్య లేదు" అని ఉంది. నీళ్లు ఎక్కడైనా ఉండాల్సినవే, మరి ప్రత్యేకంగా ఎందుకు రాశారు? ఆ చుట్టుపక్కల సమస్య ఉంది కాబట్టి. "ఫ్యామిలీలకి మాత్రమే" అంటే బ్యాచిలర్లు ఫోన్ చేసి టైము వృథా చేసుకోవద్దని. పెళ్లిచూపులయ్యాక "ఇంటికెళ్లి ఏ సంగతీ ఫోన్ చేస్తాం" అన్నారంటే దాదాపుగా అందరికీ అర్థమైపోతుంది, ఫోన్ కోసం ఎవరూ ఎదురుచూడరు.

చెప్పాల్సినంత చెప్పకపోయినా, అక్కర్లేనిది చెప్పినా వినేవాడు దానికి ఒక కారణం వెతుక్కుంటాడని పాల్ గ్రైస్ అనే తత్వవేత్త సిద్ధాంతం చేశాడు, ఆ వ్యాసం 1975లో అచ్చయింది. "మీ పిల్లలెలా చదువుతున్నారండీ?" అంటే "పెద్దవాడు బాగా చదువుతాడండీ" అని ఆగిపోయారనుకోండి. చిన్నవాడి గురించి ఒక్క అక్షరం లేదు, అయినా చిన్నవాడి సంగతి చెప్పేసినట్టే.

ఇక్కడే ఇంకో ప్రశ్న కలపండి: ఎవరు, ఎవరితో అంటున్నారు? మన అలంకారశాస్త్రంలో దీనికి ఒక పాత ఉదాహరణ ఉంది, "సూర్యుడు అస్తమించాడు" అన్న ఒక్క వాక్యం. అది దొంగతో అంటే బయల్దేరే వేళయిందని, పశువుల కాపరితో అంటే మంద తోలుకు రమ్మని, ప్రియుడి కోసం చూస్తున్న ఆమెతో అంటే ఇంకేదో. మాటల్లో మార్పు లేదు, వినేవాళ్లే మారారు. కాబట్టి సంభాషణ చదివేటప్పుడు మాటలతో పాటు వాటిని అందుకునే మనిషిని కూడా చూడాలి. రమణ అన్నయ్య "ఫోను ఎందుకు ఎత్తలేదురా" అన్నది నిజంగా కారణం కోసం అడిగిన ప్రశ్న అనుకుంటే ఆ పేరా మొత్తం చెయ్యిజారిపోతుంది.

ఈ "ఎందుకు" అన్న ప్రశ్న మనం మామూలుగా చదివేటప్పుడు ఎంతవరకు వేసుకుంటామన్న దాని మీద పరిశోధకులకే పడదు. వాక్యాలు అతుక్కోవడానికి కావాల్సినంత, చేతికి సులువుగా అందినంత మాత్రమే తేల్చుకుని పోతామని మెకూన్, రాట్‌క్లిఫ్ 1992లో అన్నారు. లేదు, చదివేవాడు ఎప్పుడూ అర్థం కోసం వేటలోనే ఉంటాడు, పాత్రలు ఆ పని ఎందుకు చేశాయో వెతుకుతూనే ఉంటాడని గ్రేసర్, సింగర్, ట్రబాసో 1994లో అన్నారు. నాకైతే రెండూ నిజమే అనిపిస్తుంది, రైల్లో చదివే వారపత్రిక మొదటి రకం, రేపు పరీక్ష ఉన్న పాఠం రెండో రకం. మీరు ఈ గైడు చదువుతున్నారంటే రెండో రకం అలవాటు చేసుకోవాలనే కదా.

ఐదో అడుగు: మీ దగ్గర సరుకుందా?

ఇప్పటిదాకా చెప్పినవన్నీ వచ్చినా, విషయం తెలియకపోతే పని జరగదు. ఇది చదవండి: "టెస్ట్ రెండో రోజు. ఆట ముగియడానికి పావుగంట ఉందనగా ఓపెనర్ ఔటయ్యాడు. మూడో నంబర్ బ్యాటర్ కుర్చీలోంచి లేవలేదు. లెగ్ స్పిన్నర్ ప్యాడ్లు కట్టుకుని దిగాడు." క్రికెట్ చూసేవాళ్లకి ఇందులో ఏ చిక్కూ లేదు, చీకటి పడేవేళ మంచి బ్యాటర్‌ని దాచుకుని నైట్ వాచ్‌మన్‌ని పంపారు. క్రికెట్ తెలియనివాళ్లు ఎంత తెలివైనవాళ్లయినా, మూడో నంబర్ ఆయనకి కాలు నొప్పేమో అనుకుంటారు. వాళ్ల తర్కంలో లోపం లేదు, సరుకు లేదు.

1988లో అమెరికాలో రెక్ట్, లెస్లీ అనే ఇద్దరు ఇలాంటిదే బేస్‌బాల్‌తో చేసి చూశారు. ఏడు, ఎనిమిది తరగతుల పిల్లలు 64 మందికి ఒక ఆట వర్ణన ఇచ్చారు. చదవడంలో వెనకబడ్డారని పేరున్నా ఆట బాగా తెలిసిన పిల్లలు, బాగా చదువుతారని పేరుండి ఆట తెలియని పిల్లల కంటే మెరుగ్గా చెప్పగలిగారు. అంతకుముందు 1972లో బ్రాన్స్‌ఫర్డ్, జాన్సన్ బట్టలుతకడం గురించి కావాలనే డొంకతిరుగుడుగా రాసిన పేరా ఒకటి జనానికి వినిపించారు. దేని గురించో ముందే చెప్పినవాళ్లకి అర్థమైంది, గుర్తూ ఉంది. చెప్పనివాళ్లకి అయోమయం. వినేశాక చెప్పినా లాభం లేకపోయింది. ఈ చివరి ముక్క ముఖ్యం. శీర్షిక, ఉపశీర్షికలు, బొమ్మ కింద రాసిన లైను ముందు చదవమనేది ఇందుకే, తర్వాత చూసుకుందాం అంటే అప్పటికే మాటలు జారిపోయి ఉంటాయి.

మళ్లీ రమణ పేరాకి రండి. అమెరికాలో పెరుగుతున్న తెలుగు పిల్లాడు దీన్ని తప్పులేకుండా చదివి, కుర్చీలు పేర్చి ఉన్నాయి కాబట్టి పార్టీ అయిపోయిందేమో అంటే వాడి తెలుగుని తప్పుపట్టకండి. చావు జరిగిన ఇంట్లో పొయ్యి వెలిగించరని, ఇరుగుపొరుగు అన్నం తెచ్చి పెడతారని వాడు చూడలేదు. అంత దూరం ఎందుకు, హైదరాబాదులో అపార్ట్‌మెంటులో పెరిగిన పిల్లలకి ముగ్గంటే గుమ్మం ముందు అతికించిన స్టిక్కరు, అది ఏ రోజూ లేకుండా ఉండదు. "ముగ్గు లేదు" అన్నది వాళ్లకి ఆధారమే కాదు. వాళ్లకి కావాల్సింది పదాల అర్థాలు కాదు, ఆ ఇళ్ల అలవాట్లు.

చేయాల్సింది: కొత్త విషయం మీద కష్టమైన వ్యాసం చేతికొస్తే, దాన్నే పదిసార్లు చదవకండి. అదే విషయం మీద చిన్నపిల్లల పుస్తకంలోదో, తెలుగులో తేలిగ్గా రాసిందో ఒకటి ముందు చదవండి. రెపో రేటు గురించి సంపాదకీయం అర్థం కాకపోతే లోపం మీ పఠనశక్తిలో ఉండకపోవచ్చు. రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకి అప్పిచ్చే వడ్డీ అది, అది పెరిగితే మీ ఇంటి లోను ఈఎంఐ మీద పడొచ్చు అన్న రెండు ముక్కలు తెలిస్తే అదే సంపాదకీయం నడుస్తుంది.

ఆరో అడుగు: పోటీ కథ ఒకటి కట్టండి

మీరు తేల్చుకున్నది సరైనదేనా అని చూసుకోవడానికి ఒకే మార్గం ఉంది, అవే ఆధారాలతో ఇంకో కథ కట్టి చూడటం. రమణ ఇంట్లో ఎవరో ఆస్పత్రిలో ఉన్నారేమో? అప్పుడు క్యారేజీ సరిపోతుంది, ఫోను సరిపోతుంది, కానీ పేర్చిన కుర్చీలు దేనికి, వాకిలి కడిగి ముగ్గు వేయకపోవడం దేనికి? పెళ్లి ఆగిపోయిందా? కుర్చీలు సరే, మౌనం సరే, చేతికర్ర దగ్గర ఆ నిలబడిపోవడం అతకదు. చావు ఒక్కటే అన్నిటికీ అతుకుతుంది. ఒక్క ఆధారం మీద నిలబడ్డ అర్థాన్ని నమ్మకండి, అయిదారు వేరువేరు దిక్కుల నుంచి వచ్చి ఒకే చోట కలిస్తే నమ్మండి.

ఎక్కడ ఆగాలి అన్నది ఇంకా కష్టం. దీనికి మీమాంసకులు (వేదవాక్యాల అర్థం తేల్చే పాత దర్శనంవాళ్లు) ఉదాహరణగా చెప్పే దేవదత్తుణ్ణి మించిన గురువు నాకు దొరకలేదు. దేవదత్తుడు లావుగా ఉన్నాడు, పగలు తినడు. రెండూ నిజమే అయితే రాత్రి తింటూ ఉండాలి, వేరే దారి లేదు. దీన్ని వాళ్లు అర్థాపత్తి అని విడిగా ఒక ప్రమాణంగా, అంటే నిజం తెలుసుకునే ఒక దారిగా లెక్కించారు, నైయాయికులు (తర్కశాస్త్రంవాళ్లు) ఒప్పుకోలేదు, ఇదీ అనుమానంలో (ఇక్కడ సందేహం కాదు, ఆధారాన్నిబట్టి తేల్చడం) భాగమే అన్నారు. ఆ తగాదా మనకొద్దు. మనకి కావాల్సింది ఇది: రాత్రి తింటాడన్నది తప్పనిసరి, అది లేకపోతే రెండు వాక్యాలూ పొసగవు. రాత్రి ఏం తింటాడు, దొంగతనంగా తింటాడా, పెళ్లానికి తెలియకుండా తింటాడా, ఇవేవీ తప్పనిసరి కాదు. మన వాట్సాప్ గ్రూపుల్లో అయితే ఈపాటికి దేవదత్తుడి ఫ్రిజ్‌లో ఏముందో కూడా తేలిపోయేది.

అందుకని పెన్సిల్ తీసుకుని మూడు గుర్తులు పెట్టుకోండి. పేరాలో ఉన్నదానికి ‘ఉ’. లేకపోయినా తప్పనిసరిగా ఉండాల్సిందానికి ‘త’. కావచ్చు గానీ ఖాయం కాదు అనుకున్నదానికి ‘కా’. రమణ పేరాకి పెట్టి చూద్దాం. అన్నయ్య ఫోన్ చేశాడు, రమణ ఎత్తలేదు: ‘త’, ఎందుకంటే అది లేకపోతే ఆ ప్రశ్నే రాదు. పోయినవారు చేతికర్ర వాడే పెద్దవారు: నేను ‘త’కి దగ్గరగా పెడతాను. అది నాన్నా, తాతా, అమ్మా? ‘కా’, పేరాలో ఆధారం లేదు. అన్నయ్య ఏడ్చాడు: ‘కా’, పొద్దుటి నుంచి అందరికీ ఫోన్లు చేసి చేసి కూడా గొంతు బొంగురుపోతుంది. రమణకీ ఇంట్లోవాళ్లకీ పడదు, అందుకే ఫోను ఎత్తలేదు: దీనికి ఏ గుర్తూ పెట్టకండి, అది మీరు తెచ్చిపెట్టిన కథ. బహుశా మీరు ఈమధ్య చూసిన సీరియల్‌ది. ఫోను చార్జింగ్ అయిపోయి ఉండొచ్చు, బస్సులో సిగ్నల్ లేకపోయి ఉండొచ్చు.

ఒక గమనిక. ‘కా’ పెట్టినవి చెత్త అనుకోవద్దు. కథలో అవే ముందుకి లాక్కెళ్తాయి. తర్వాతి పేజీలో కొత్త ఆధారం దొరికినప్పుడు వాటిని మార్చుకోగలగాలి, అంతే.

పరీక్షలో ఇది ఎలా వాడాలి

పదో తరగతి తెలుగు పేపర్లో అవగాహన–ప్రతిస్పందన అని ఒక భాగం ఉంటుంది, పోటీ పరీక్షల ఇంగ్లీషులో కాంప్రహెన్షన్ ఉంటుంది. రెండు చోట్లా మార్కులు పోయేది ఒకే గుంటలో: నిజమే గానీ పేరాలో లేని జవాబు. ఉదాహరణకి ఈ రెండు వాక్యాలు ఇచ్చారనుకోండి. "ధవళేశ్వరం దగ్గర గోదావరి ఆనకట్ట పని ఆర్థర్ కాటన్ ఆధ్వర్యంలో 1847లో మొదలై 1852లో పూర్తయింది. ఆ తర్వాత డెల్టాలో కాలవల కింద వరి సాగు పెరిగింది." దీన్నిబట్టి ఏం చెప్పగలం? (అ) నిర్మాణం సుమారు ఐదేళ్లు సాగింది. (ఆ) కాటన్ లేకపోతే ఆనకట్ట వచ్చేదే కాదు. (ఇ) ఆనకట్ట తర్వాత డెల్టాలో ఎప్పుడూ పంట పోలేదు. (ఈ) అంతకుముందు డెల్టాలో వరి పండేది కాదు.

జవాబు (అ), చూడటానికి చప్పగా ఉంది కాబట్టే చాలామంది వదిలేస్తారు. గోదావరి జిల్లాలవాళ్లకి (ఆ) మీదికి చెయ్యి పోతుంది, కాటన్ దొర మీద అక్కడ ఉన్న అభిమానం అలాంటిది, కానీ ఆ అభిమానం పేరాలో లేదు. (ఇ)లో ‘ఎప్పుడూ’ చూడగానే జాగ్రత్తపడాలి. (ఈ) కాస్త తెలివైన ఉచ్చు: "పెరిగింది" అన్నారంటే అంతకుముందు ఎంతో కొంత ఉందనే అర్థం, అంటే పేరా దానికి ఎదురు చెప్తోంది. ప్రతి ఆప్షన్ దగ్గరా "ఏ మాట చూసి?" అని అడుగుతూ వేలు పెట్టి చూపించండి. వేలు పెట్టడానికి చోటు లేకపోతే కొట్టేయండి.

వార్తల దగ్గర

"ఆస్పత్రిని కలెక్టర్ తనిఖీ చేశారు. మర్నాడు సూపరింటెండెంట్ సెలవు పెట్టారు." రాసినవాళ్లు ఒక వార్త పక్కన ఇంకో వార్త పెట్టారు, భయపడి సెలవు పెట్టారన్నది మీరు కలిపారు. కాకి వాలగానే తాటిపండు రాలితే కాకతాళీయం అనే మాట మనకెప్పటి నుంచో ఉంది, వాడుకోండి. పక్కపక్కనే పెట్టిన రెండు వాక్యాల మధ్య ‘అందుకని’ మీరే పెట్టారా, వాళ్లు పెట్టారా అని చూసుకోవడం ఒక్కటి అలవాటైతే చాలా ఫార్వర్డులు అక్కడికక్కడే ఆగిపోతాయి. "తెలిసింది, సమాచారం, అంటున్నారు" అన్నవి ఇందాకటి ‘ట’కి సూటూ బూటూ తొడిగినట్టు, చెప్పేవాడు పూచీ పడటం లేదు. హెడ్డింగు చివర ప్రశ్నార్థకం ఉంటే కింద వార్తలో జవాబు ఉందో లేదో చూశాకే ఇంకొకరికి చెప్పండి.

పిల్లలతో చేయిస్తుంటే

కథ చదివించి "నీతి ఏంటి?" అని అడగడం కాస్త మానండి. దాని బదులు మధ్యలో ఆపి "ఇప్పుడు ఏమైంది?" అని అడిగి, వాళ్లేం చెప్పినా సరే, తప్పైనా ఒప్పైనా, "నీకెలా తెలుసు?" అనండి. ఒప్పు చెప్పినప్పుడు కూడా అడగాలి, లేకపోతే ఆ ప్రశ్న వస్తే తాము తప్పు చెప్పినట్టని పిల్లలు పట్టేస్తారు, వాళ్లు ఇన్ఫరెన్స్‌లో మనకంటే గట్టివాళ్లు. జవాబు పుస్తకంలో చూపిస్తే ఒకలా, "మా అమ్మమ్మ వాళ్లింట్లో అలా చేస్తారు" అంటే ఇంకోలా అని విడదీసి వాళ్లకే చెప్పించండి. పేజీకి ఒక్కసారి ఆపితే చాలు, వాక్యవాక్యానికీ ఆపితే కథ మీద విరక్తి పుడుతుంది.

ఇప్పుడు మీరు చేయండి

కింద ఒక మెసేజ్ ఉంది. ఒక ఉద్యోగి తన పై అధికారికి రాత్రి పంపింది.

"సార్, రేపు రావడం కుదరదు. ఇంటి దగ్గర కొంచెం పనుంది. ఎల్లుండి సంగతి కూడా చెప్పలేను. లాప్‌టాప్, ఐడీ కార్డు సెక్యూరిటీ దగ్గర ఇచ్చాను సార్. ఇన్నాళ్లు బాగా చూసుకున్నారు."

చేత్తో కింది వాక్యాలని మూసి ఒక్కొక్కటే తెరుచుకుంటూ చదవండి. మొదటి మూడు వాక్యాలు చదివాక ఏం తేల్చుకున్నారో రాయండి, తర్వాత ఏ మాట దగ్గర అది మారిందో రాయండి. ‘కూడా’, ‘ఇన్నాళ్లు’ ఏం పని చేస్తున్నాయో చూడండి. అవే ఆధారాలతో ఇంకో కథ కట్టడం కుదురుతుందేమో ప్రయత్నించండి, కష్టం గానీ అసాధ్యం కాదు. చివరగా ఉద్యోగం ఎందుకు మానేస్తున్నాడన్న దానికి ఏ గుర్తు పెట్టారో చూసుకోండి. ‘త’ పెట్టి ఉంటే ఆరో అడుగు ఇంకోసారి చదవండి. ఇంకో సంగతి, ఇది రాసింది మగవాడని నేను ఎక్కడ చెప్పాను? ఇందాకటి వాక్యంలో ‘మానేస్తున్నాడు’ అన్నది నేను, మెసేజ్ కాదు.